గుడ్ మార్నింగ్ సార్! – దొరల మర్యాదలు, మన మన్ననలు

మన పూర్వ విద్యార్థుల సంఘానికి యాభై ఏళ్ళు నిండాయి. స్వర్ణోత్సవం చేసుకుంటున్నాం. ఈ సంతోష సమయంలో చరిత్ర చదువుకున్నవాడిగా ఒక విషయం మీ ముందు పెడతాను. మన తాతముత్తాతలకు యాభై ఏళ్ళ పండుగంటూ ఏదీ లేదు. అరవై నిండితే షష్టిపూర్తి చేసేవారు, వెయ్యి పున్నములు చూసిన పెద్దలకు సహస్ర చంద్ర దర్శనం చేసేవారు. యాభైకి ఉత్సవం చేయడం బయటినుంచి వచ్చిన ఆచారం. యూదుల ధర్మశాస్త్రంలో ప్రతి యాభయ్యో ఏడూ పొట్టేలు కొమ్ము ఊది, బానిసలను విడిచిపెట్టి, పరులపాలైన భూములను తిరిగి ఇచ్చేయాలని ఉంది. జూబిలీ అన్న మాట అక్కడిది. ఇంగ్లండులో దాన్ని రాజుగారి వేడుకగా మార్చారు. మూడో జార్జి గద్దెనెక్కి యాభయ్యో ఏడు మొదలైందని 1809 అక్టోబర్ 25న దేశమంతా ఉత్సవం చేశారు. 1887లో విక్టోరియా రాణి స్వర్ణోత్సవం వచ్చింది. దాని జ్ఞాపకంగా మన దేశంలోనూ ఊరూరా జూబిలీ పేరుతో హాళ్ళూ మార్కెట్లూ వెలిశాయి.

జూబిలీ ఒక్కటేనా? సావనీరు, గ్రూపు ఫొటో, ముఖ్య అతిథి, మెమెంటో, చివర్లో జనం లేచి వెళ్ళిపోతుండగా జరిగే వందన సమర్పణ, ఇవన్నీ ఆ దారిన వచ్చినవే. అసలు పూర్వ విద్యార్థుల సంఘం అన్న ఊహే అక్కడి బడుల ‘ఓల్డ్ బాయ్స్’ ఆచారం. అందుకే ఈ సంచికలో ఆ మర్యాదల చరిత్ర కాస్త చెప్పుకోవడం సబబనిపించింది. అవి మన గుమ్మంలోకి ఎలా వచ్చాయి, వాళ్ళ ఇళ్ళలో వాటి వయసెంత, మనం వాటితో ఏం చేశాం అన్నవి చూద్దాం.

కోనసీమ గడప తొక్కిన దొరలు

తెల్లవాళ్ళు మన జిల్లాకు కాటన్ దొరతోనే వచ్చారని చాలామంది అనుకుంటారు. అంతకు వందేళ్ళ ముందే అల్లవరం దగ్గర బెండమూర్లంకలో ఈస్టిండియా కంపెనీవారి గిడ్డంగి ఉండేది. యానాం పక్కన ఇంజరంలో 1708లోనే మరొకటి పెట్టారు. వశిష్ఠ దాటితే నరసాపురం దగ్గర మాధవాయపాలెంలో ఇంకొకటి. మన సాలెవారు నేసిన బట్ట కోసమే ఇవన్నీ. ఆ మాధవాయపాలెం పేరు ఇంగ్లీషు నోట ‘మాదపోలం’ అయింది. ఒక రకం నూలుబట్టకు పేరుగా నేటికీ ఇంగ్లీషు నిఘంటువుల్లో ఉంది. 1757లో ఫ్రెంచి సేనాని బుస్సీ ఈ మూడు గిడ్డంగులనూ పట్టుకున్నాడు. తర్వాత కొద్ది ఏళ్ళకే ఉత్తర సర్కారులు ఇంగ్లీషువారి చేతికి వచ్చాయి.

ఆ రోజుల కంపెనీ ఉద్యోగులు దొరలు కారు, వర్తకులు. రైటర్, ఫ్యాక్టర్, జూనియర్ మర్చంట్, సీనియర్ మర్చంట్ అని వాళ్ళలో మెట్లుండేవి. మద్రాసు కోటలో అందరూ ఒకే బల్ల దగ్గర భోంచేసినా ఎవరి మెట్టు ప్రకారం వాళ్ళే కూర్చోవాలి. మన జమీందారుల దర్బారుల్లో తాంబూలం పుచ్చుకున్నారు, పన్నీరు చల్లించుకున్నారు, మేజువాణీలు చూశారు. మన మాటలూ పట్టుకుపోయారు. పందికొక్కు ఇంగ్లీషులో ‘బండికూట్’ అయింది. రోజూ ఒళ్ళంతా తడిపి స్నానం చేయడం అనే అలవాటు చాలామంది ఇంగ్లీషువాళ్ళకు మన దేశంలోనే అబ్బింది.

కచేరీ కాగితాల్లో ఇంకో ముచ్చట. మనవాళ్ళు ఉత్తరాలకు పైన మహారాజరాజశ్రీ అనడానికి ‘మ.రా.రా.శ్రీ’ అని రాసేవారు. మద్రాసు ప్రభుత్వం దాన్నే ‘ఎం.ఆర్.ఆర్‌వై.’ చేసి, తెలుగువాళ్ళ పేరుకు చివర ‘గారు’ తగిలించి సర్కారు కాగితాల్లో అచ్చువేసింది. దొరల ప్రభుత్వం కూడా మన ‘గారు’ నేర్చుకోక తప్పలేదు.

వాళ్ళకూ అవి కొత్తవే

మర్యాదల విషయంలో మనకొక భ్రమ ఉంది. ముళ్ళగరిటె, షేక్‌హ్యాండు, మధ్యాహ్నపు టీ ఇంగ్లీషువాళ్ళకు అనాదిగా ఉన్నాయని, చేత్తో తినడం మన వెనకబాటుతనమని. చరిత్ర చూస్తే సంగతి వేరు.

థామస్ కోర్యట్ అనే ఇంగ్లీషు యాత్రికుడు ఇటలీలో ముళ్ళగరిటెతో తినేవాళ్ళను చూసి ఆశ్చర్యపోయాడు. ఆ సంగతి 1611లో తన పుస్తకంలో రాశాడు. తానూ అలా తినడం మొదలుపెడితే స్నేహితులు ఎగతాళి చేశారు. అప్పటికి ఇంగ్లండులో పెద్దింటివాళ్ళు కూడా ఒక చాకు పట్టుకుని, వేళ్ళతోనే తినేవారు. ఆ కోర్యట్ తర్వాత కాలినడకన తూర్పు దేశాలు తిరుగుతూ మన దేశం వచ్చి 1617లో సూరత్‌లో కన్నుమూశాడు.

టీ కూడా అంతే. 1662లో రెండో చార్లెస్ పెళ్ళాడిన పోర్చుగీసు రాకుమార్తె క్యాథరీన్ వల్ల అది రాజాస్థానంలో ఫ్యాషనైంది. సాయంత్రం నాలుగైదు గంటలకు టీ, బిస్కెట్లు పెట్టుకుని కబుర్లు చెప్పుకోవడం 1840 ప్రాంతాల బెడ్‌ఫర్డ్ ప్రభువు భార్య అన్నాతో మొదలైందంటారు. మన పల్లెలకు టీ ఇంకా ఆలస్యంగా వచ్చింది. 1930లలో టీ వ్యాపారుల ప్రచారం వాళ్ళు ఊళ్ళు తిరిగి, టీ ఎలా కాయాలో చూపించి, ఉచితంగా పోసి అలవాటు చేశారు. నేడు కోనసీమలో టీ లేని సెంటరుందా?

షేక్‌హ్యాండు కథ వీటన్నిటికంటే విలువైనది. పదిహేడో శతాబ్దపు ఇంగ్లండులో పెద్దవాళ్ళు ఎదురైతే టోపీ తీసి వంగి నమస్కరించాలి. పెద్దవాళ్ళను ‘యు’ అని బహువచనంలో పిలవాలి, చిన్నవాళ్ళను ‘దౌ’ అనాలి. అంటే మన మీరు, నువ్వు లాగే. క్వేకర్లనే మతశాఖ వాళ్ళు దీన్ని ఒప్పుకోలేదు. దేవుడి ముందు అందరూ సమానమైనప్పుడు ఒకరికి టోపీ తీయడమేమిటి, ఒకరిని మీరనడమేమిటి అన్నారు. ప్రభువునూ పాలేరునూ ఒకేలా ‘దౌ’ అన్నారు. వంగడం మాని చెయ్యి కలిపారు. కోర్టులో న్యాయమూర్తి ముందు టోపీ తీయనందుకు జైళ్ళకు కూడా వెళ్ళారు. ఆ షేక్‌హ్యాండు క్రమంగా అందరిదీ అయింది. ‘దౌ’ వాడుకలోంచి పోయి, పెద్దా చిన్నా అందరికీ ‘యు’ మిగిలింది. మనం ఫ్యాషనుగా చూసే ఒక అలవాటు, పుట్టుకలో సమానత్వం కోసం పడిన పంతమన్నమాట.

ఇంకో వైపు చెస్టర్‌ఫీల్డ్ ప్రభువు వంటివారున్నారు. ఆయన కొడుకుకు రాసిన ఉత్తరాలు 1774లో అచ్చయ్యాయి. పెద్దమనిషి చిరునవ్వు నవ్వాలి గాని పైకి వినబడేలా నవ్వకూడదని ఆయన బోధ. మనిషిని పైమెట్టు ఎక్కించే నిచ్చెనగా మర్యాదను చూశాడాయన. క్వేకర్లదొక దారి, చెస్టర్‌ఫీల్డ్‌దొక దారి. మన దేశానికి ఓడ దిగి వచ్చినవాళ్ళలో రెండో దారివాళ్ళే ఎక్కువ.

రాజమండ్రిలో జడ్జిగారి భార్య

1836 నుంచి 1839 వరకు జూలియా అనే ఇంగ్లీషు ఇల్లాలు మద్రాసు రాజధానిలో ఉండి ఇంటికి ఉత్తరాలు రాసింది. భర్త జేమ్స్ థామస్ రాజమండ్రి జిల్లా జడ్జి. తర్వాత ఆమె మెయిట్లాండ్ అనే ఆయన్ని పెళ్ళాడింది. ఆ ఉత్తరాలు ‘లెటర్స్ ఫ్రమ్ మద్రాస్’ పేరుతో, రచయిత పేరు లేకుండా 1843లో లండన్‌లో అచ్చయ్యాయి. ఆనకట్ట కట్టకముందు గోదావరి జిల్లా ఎలా ఉండేదో, దొరల బంగళాల్లో ఎవరు ఎవరిని ఎలా పలకరించుకునేవారో చెప్పే అరుదైన పుస్తకమది. రాజమండ్రిలో ఆ దంపతులు మన పిల్లలకొక బడి కూడా పెట్టారు.

ఈమె సామాన్యురాలు కాదు. ఈమె తల్లి ప్రసిద్ధ నవలాకారిణి ఫ్యానీ బర్నీ చెల్లెలి కూతురు. బర్నీ 1778లో రాసిన ‘ఎవలీనా’ నవలంతా మర్యాదల చుట్టూ తిరుగుతుంది. పల్లెలో పెరిగిన అమాయకపు పిల్ల లండన్ నాట్యశాలకు వెళ్ళి, ఎవరితో ఆడాలో, ఎవరికి కాదనాలో, ఎక్కడ నవ్వకూడదో తెలియక తిప్పలు పడుతుంది. అంత మర్యాదల ఎరుక ఉన్న ఇంటి ఆడపిల్ల గోదావరి గట్టున కాపురం చేసి, అక్కడి దొరల డాబునూ ఎగతాళి చేయగలిగింది.

ఆ డాబుకు రూల్సు చాలా ఉండేవి. ఊళ్ళోకి కొత్తగా వచ్చిన దొర తానే ముందుగా ఇంటింటికీ వెళ్ళి పలకరించాలి. అదీ మిట్టమధ్యాహ్నం ఎండలో! తర్వాతి రోజుల్లో బంగళా గేటుకొక పెట్టె కట్టి అందులో విజిటింగు కార్డు పడేసి వస్తే చాలన్నారు. మనవాళ్ళు దొరను చూడటానికి వెళితే నిమ్మకాయ తీసుకెళ్ళేవారు. కంపెనీ ఉద్యోగులు కానుకలు పుచ్చుకోకూడదని 1773లో చట్టం వచ్చినా పండ్లకూ పూలకూ అడ్డు లేకపోయింది. కొత్త సంవత్సరం నాడు ఆఫీసరుగారి చేతిలో నిమ్మకాయ పెట్టి వచ్చే మన అలవాటు ఆ కచేరీ రోజులదే.

చెప్పులు ఎక్కడ విప్పాలి?

ఇంతవరకూ ముచ్చటగానే ఉంది. మర్యాద ఎప్పుడూ ముచ్చటే కాదు. పందొమ్మిదో శతాబ్దంలో కచేరీల ముందు పెద్ద తగువు నడిచింది. దొర గదిలోకి వెళ్ళే మన మనిషి చెప్పులు బయట విప్పాలా, అక్కర్లేదా? ఇంట్లోకీ గుళ్ళోకీ చెప్పులతో వెళ్ళకపోవడం మన ఆచారం. దొరలు ఆ ఆచారాన్నే పట్టుకుని, తాము మాత్రం బూట్లతో కూర్చుని, ఎదుటివాడి చేత విప్పించారు. చివరికి ఆ శతాబ్దం రెండో సగంలో ప్రభుత్వం ఒక వింత సర్దుబాటు చేసింది. ఇంగ్లీషు బూట్లు వేసుకుని వస్తే లోపలికి రావచ్చు, దేశవాళీ చెప్పులైతే విప్పాలి. కుర్చీ సంగతీ ఇంతే. దర్బారులో కూర్చునే అర్హత ఎవరికి, నిలబడవలసింది ఎవరని జాబితాలు రాసుకునేవారు. ఐరోపావాళ్ళ క్లబ్బుల్లో చాలావాటిలో మన జమీందారులకైనా సభ్యత్వం లేదు.

ఈ అవమానం మీద మన పెద్దలకు కోపం వచ్చింది, రావలసిందే. అయితే నిజం పూర్తిగా చెప్పుకోవాలి. దొర తనను నిలబెట్టాడని నొచ్చుకున్న ఆసామి, సాయంత్రం ఇంటికొచ్చి తన వీధి అరుగు ముందు పాలేరు చెప్పులు చేత పట్టుకుని నడవాలన్నాడు. దళితవాడ మనిషి భుజం మీద కండువా దించాలన్నాడు. తాత వయసువాణ్ణి ‘ఏరా’ అన్నాడు. కుర్చీల జాబితా దొరల కచేరీలో కాగితం మీద ఉంది. మన ఊళ్ళలో కాగితం అక్కర్లేకుండానే అందరికీ కంఠస్థమై ఉంది.

వీధి బడి నుంచి లండన్‌కు, లండన్ నుంచి బడికి

ఇక బడి సంగతి. 1822లో మద్రాసు గవర్నరు థామస్ మన్రో తన రాజధానిలోని బడులను లెక్కించమని కలెక్టర్లను ఆదేశించాడు. మొత్తం 12,498 బడులు తేలాయి. అవి మన వీధి బడులు. ఇసుకలో అక్షరాలు దిద్దడం, పెద్ద పిల్లలు చిన్నవాళ్ళ చేత వల్లె వేయించడం వాటి పద్ధతి. ఆదివారం సెలవు లేదు. పాడ్యమి, అష్టమి, అమావాస్య, పున్నమి లాంటి అనధ్యయన దినాలే సెలవులు.

క్లాసు లీడరు, మానిటరు అనేవి దొరల బడిలోంచి వచ్చాయనుకుంటాం. ఆ పద్ధతి ఇక్కడినుంచి అక్కడికి వెళ్ళింది. ఆండ్రూ బెల్ అనే ఫాదిరీ 1789 నుంచి మద్రాసు ఎగ్మూరులో అనాథ బాలుర ఆశ్రమం చూసేవాడు. వీధి బడి పిల్లలు ఇసుకలో రాస్తూ ఒకరికొకరు నేర్పుకోవడం చూసి, ఆ పద్ధతిని తన బడిలో పెట్టాడు. 1797లో లండన్‌లో దాన్ని గురించి పుస్తకం అచ్చు వేశాడు. అక్కడ వేలాది పేద పిల్లలు ‘మద్రాసు పద్ధతి’లో చదువుకున్నారు. తర్వాత అదే మానిటరు పేరుతో ఇంగ్లీషు వేషం వేసుకుని మన బడికి తిరిగి వచ్చింది. క్లాసులో మాట్లాడినవాళ్ళ పేర్లు బోర్డు మీద రాసిన మన మానిటర్లందరూ, తాము వీధి బడి పెద్ద పిల్లాడి వారసులమని తెలుసుకుంటే బాగుంటుంది.

మన లీవు లెటరును గుర్తు చేసుకోండి. ‘ఐ బెగ్ టు స్టేట్’ అని మొదలై, ‘యువర్ మోస్ట్ ఒబీడియంట్ స్టూడెంట్’ అని ముగిసేది. జ్వరమొచ్చినందుకు బిచ్చమెత్తుకున్నట్టు! పద్దెనిమిదో శతాబ్దంలో ఇంగ్లీషు పెద్దమనుషులు ఒకరికొకరు ‘మీ విధేయ సేవకుణ్ణి’ అని రాసుకునేవారు. సమానులిద్దరి మధ్య అది ఉత్త అలంకారం. కచేరీ ద్వారా మనకు వచ్చేసరికి అది కిందివాడు పైవాడికి మాత్రమే రాసే మాటగా మారింది. అక్కడ దాదాపు మాయమైంది, ఇక్కడ దరఖాస్తుల్లో ఇంకా బతికే ఉంది.

విధేయత ఎక్కడ ఆగాలన్న ప్రశ్న 1907లో రాజమండ్రిలో వచ్చింది. ఆ ఏప్రిల్‌లో బిపిన్ చంద్రపాల్ వచ్చి ఉపన్యసించారు. విద్యార్థులు వందేమాతరం బ్యాడ్జీలు పెట్టుకుని క్లాసులకు వెళ్ళారు. ప్రిన్సిపాల్ మార్క్ హంటర్ దాన్ని క్రమశిక్షణ తప్పడంగా చూశాడు. ఎందరినో సస్పెండు చేశారు. ట్రైనింగ్ కాలేజీలో ఉన్న గాడిచర్ల హరిసర్వోత్తమరావు గారు చదువే పోగొట్టుకున్నారు. చొక్కా మీద ఒక బ్యాడ్జీ పెట్టుకోవడం అమర్యాద అయిన రోజులవి.

ఆ రాజమండ్రి ఆర్ట్స్ కాలేజీకే 1909లో ఆస్వాల్డ్ కూల్డ్రే ప్రిన్సిపాల్‌గా వచ్చాడు. ఆయన కుర్రాళ్ళను వెంటేసుకుని తిరిగాడు, బొమ్మలు వేయించాడు, కవిత్వం చదివించాడు. దామెర్ల రామారావు, అడివి బాపిరాజు, కవికొండల వెంకటరావు ఆయన నీడన ఎదిగారు. ఇద్దరూ ఒకే దేశంవాళ్ళు, ఒకే కాలేజీ. గుడ్ మార్నింగ్ సార్ అన్న మాట ఒకరికి భయంతో చెప్పారు, ఇంకొకరికి ప్రేమతో చెప్పారు.

మొగల్తూరు నుంచి దొరల దేశానికి

మర్యాదల కథ మనవైపు నుంచి చెప్పినవాడు మొక్కపాటి నరసింహశాస్త్రి గారు. ఆయన ‘బారిస్టరు పార్వతీశం’ మొదటి భాగం 1924లో వచ్చింది. పార్వతీశానిది మనకు ఏరు దాటితే వచ్చే మొగల్తూరు. మద్రాసులో ఆడవాళ్ళ టోపీ కొని నెత్తిన పెట్టుకున్న పార్వతీశాన్ని తలచుకుని నవ్వని తెలుగువాడు లేడు. ఓడ మీద భోజనాల బల్ల దగ్గర చాకూ ముళ్ళగరిటెలతో ఆయన పడిన అవస్థ మరీనూ.

ఎవలీనా లండన్ నాట్యశాలలో పడిన తిప్పలూ, పార్వతీశం ఓడ మీద పడిన తిప్పలూ ఒకే జాతివి. మర్యాద తెలియనివాడు మూర్ఖుడు కాడు, ఆ ఊరికి కొత్తవాడు. ఇద్దరు రచయితలూ మనల్ని నవ్వించి ఆ మాటే చెప్పారు. అమలాపురం నుంచి, రాజోలు నుంచి, కొత్తపేట నుంచి అమెరికా, గల్ఫ్ దేశాలు వెళ్ళిన మన మిత్రులకు ఈ అనుభవం చెప్పనక్కర్లేదు. కొబ్బరి తోటల్లోంచి మొదటిసారి పట్నం కాలేజీకి వెళ్ళి హాస్టల్ మెస్సులో బిక్కమొహం వేసిన ప్రతి ఒక్కరూ ఒక పార్వతీశమే.

‘ఆయ్’ అనే మర్యాద

మనవాళ్ళకు థ్యాంక్స్ లేదు, సారీ లేదు అని దొరలు రాసిపెట్టారు. నిజమే, ప్రతిదానికీ ఒక మాట చెప్పి బాకీ తీర్చుకునే అలవాటు మనకు లేదు. మేలు చేసినవాడికి ‘మీ రుణం తీర్చుకోలేను’ అంటాం. పెద్దలు ‘చల్లగా ఉండు బాబూ’ అంటారు. వెళ్ళిపోయేటప్పుడు ‘వెళ్తాను’ అనం, ‘వెళ్ళొస్తాను’ అంటాం. గుమ్మంలోకి వచ్చినవాడికి కాళ్ళకు నీళ్ళు, ఆపైన బోండం. ఇక కోనసీమకు ‘ఆయ్’ ఉండనే ఉంది. విన్నాను, ఒప్పుకున్నాను, మీ మాట మీద గౌరవం ఉంది అన్న మూడూ ఆ ఒక్క అక్షరంలో ఉన్నాయి.

లంకల గన్నవరం డొక్కా సీతమ్మ గారిని (1841–1909) మించిన ఉదాహరణ ఏముంది? వేళ కాని వేళ ఎవరు వచ్చినా అన్నం వండి పెట్టిన తల్లి. ఏడో ఎడ్వర్డు పట్టాభిషేక సందర్భంలో ఆమెను ఆహ్వానిస్తే, వచ్చినవాళ్ళకు అన్నం ఎవరు పెడతారని ఆమె రానన్నారనీ, చివరికి ఆమె ఫొటోనే తెప్పించుకుని గౌరవించారనీ మనవైపు చెప్పుకుంటారు. సామ్రాజ్య మర్యాదలో పిలుపు అందుకోవడమే గొప్ప. ఆమె మర్యాదలో ఆకలితో వచ్చినవాడే గొప్ప. ఆనాటి గన్నవరం అక్విడక్టు స్థానంలో కట్టిన కొత్తదానికి ఆమె పేరే పెట్టుకున్నాం.

అయితే ‘ఆయ్’కి ఒక లోపముంది. అది ఎక్కువగా కిందనుంచి పైకే నడిచింది. పైనుంచి కిందికి ‘ఒరే’ వచ్చింది. మాస్టారు మనల్ని ‘ఏరా’ అంటే అందులో చనువు ఉంది, నేటికీ ఆ పిలుపు కోసం చెవి కోసుకుంటాం. కూలికి వచ్చిన ముసలాయన్ని పదేళ్ళ పిల్లాడు ‘ఏరా’ అంటే అందులో ఉన్నది చనువు కాదు. ఇక్కడ బడి మనకు చేసిన మేలు పెద్దది. హాజరు పట్టీలో అందరికీ ఒక్కొక్క నంబరే. అందరూ ఒకే మాట, ‘ప్రెజెంట్ సార్’. ఒకే బెంచీ మీద భుజాలు రాసుకుంటూ కూర్చున్నాం. మన ఊళ్ళో ఒకరి వీధిలోకి ఒకరు వెళ్ళడానికి సంకోచించిన పిల్లలు ఆ బెంచీ మీద చద్దన్నం క్యారేజీలు పంచుకున్నారు. క్వేకర్లు జైలుకెళ్ళి సాధించిన దానిలో కొంత, మన బెంచీ చప్పుడు చేయకుండా చేసింది.

కాబట్టి ఏ మర్యాద మనది, ఏది దొరలది అని వేరు చేసుకోవడంలో పెద్ద ప్రయోజనం లేదు. ఎవరిదైనా సరే, ఎదుటి మనిషిని కూర్చోబెట్టేది ఉంచుకుందాం, నిలబెట్టేది వదిలేద్దాం. స్వర్ణోత్సవ సభకు ఒక చిన్న మనవి. వేదిక మీద మన గురువుల పక్కన, ముప్ఫై ఏళ్ళు గంట కొట్టిన అటెండరు గారికీ, కుండల్లో మంచినీళ్ళు నింపిన ఆయమ్మ గారికీ కుర్చీలు వేద్దాం. కరపత్రంలో వాళ్ళ పేర్ల చివర కూడా ‘గారు’ అచ్చు వేద్దాం. వందన సమర్పణ వాళ్ళతోనే మొదలుపెడదాం, అప్పటికి జనం ఇంకా కుర్చీల్లోనే ఉంటారు.